ఇంకొకరి అప్పు

ఆషాఢంలో డప్పు చప్పుడు వినపడితే లాల్‌దర్వాజాలో పుట్టి పెరిగినవాళ్ళకు అమ్మవారు గుర్తుకు రావాలి. నాకు అమ్మవారితో పాటు కోర్టు అమీను కూడా గుర్తుకొస్తాడు. ఎందుకో చెప్పాలంటే మా ఇంటి సంగతి చెప్పాలి, మా ఇంటి సంగతి చెప్పాలంటే మా చిన్నాయన సంగతి చెప్పాలి. పోయిన ఏడాది బోనాలకు ఆయనను గుడికి తీసుకుపోదామని ఉప్పుగూడలో ఆయన ఉండే కిరాయి ఇంటికి ఆటోలో వెళ్ళాను. ఆ రోజు ఆయన నాతో నాలుగు మాటలు మాట్లాడాడు. అప్పటి నుంచి యాభై అయిదేళ్ళ కింద జరిగినదాన్ని మళ్ళీ మొదటి నుంచీ తలుచుకోవాల్సి వస్తోంది. ఇన్నాళ్ళూ నాకు బాగా తెలుసు అనుకున్న కథ నాకు తెలియనే తెలియదని డెబ్బై దాటాక తేలింది. ఈ వయసులో అయోమయం పడటం ఏమంత మర్యాదగా ఉండదు, కానీ పడుతున్నాను.

మా ఇల్లు గుడికి వెనక సందులో ఉండేది. రెండు గదులు, ఒక వంటిల్లు, ముందర అరుగు, పైన పెంకులు. అందులో మా నాయనమ్మ బాలమ్మ, బాపు, అమ్మ, నేను, బాపు తమ్ముడు నర్సింగ్ చిన్నాయన ఉండేవాళ్ళం. బాపు బస్సు డిపోలో మెకానిక్. తాత నేను పుట్టకముందే పోయాడు. నాయనమ్మ ఇస్తరాకులు కుట్టేది. తాండూరు వైపు నుంచి మోదుగాకు కట్టలు తడి గుడ్డల్లో చుట్టి వచ్చేవి. కట్ట విప్పగానే ఇల్లంతా పచ్చి వాసన, ఆ వాసనలో కొంచెం వాన, కొంచెం మట్టి. పొద్దున నల్లా నీళ్ళు పట్టుకోవడం అయ్యాక ఆమె గోడకు ఆనుకుని కాళ్ళు చాపుకుని కూర్చునేది. ఒళ్ళో ఆకులు, పళ్ళ మధ్య సన్నటి పుల్ల, దవడలో తంబాకు. ఆకు మీద ఆకు పెట్టి పుల్లతో గుచ్చి, మిగిలిన ముక్క విరిచేసేది. ఆ విరిచే చప్పుడు వింటూనే నేను ఎక్కాలు నేర్చుకున్నాను. చిల్లున్న ఆకు కనపడితే మాత్రం ఊరుకునేది కాదు. “తినేటోని చారు ఒళ్ళో పడ్తది, వాడు నన్ను తిడ్తడు” అని దాన్ని పక్కన పారేసేది. కుట్టిన ఇస్తర్లను కట్టలు కట్టి, పైన సన్నికల్లు పెట్టి అణిచేది. వారానికోసారి చిన్నాయన వాటిని సైకిలు మీద బేగంబజార్‌కు తీసుకుపోయేవాడు.

మా ఇంట్లో ఏ వస్తువు ఎవరిదో ఎవరూ అడిగేవాళ్ళు కాదు. బాపు చొక్కా చిన్నాయన వేసుకునేవాడు, చిన్నాయన చెప్పులు బాపు తొడుక్కుని డిపోకు పోయేవాడు. నాయనమ్మ దుప్పటి ఎవరికి చలేస్తే వాళ్ళది. ఎవరైనా అడిగితే “మనది” అనేవాళ్ళం. అదే మా కొంప ముంచబోయింది. చిన్నాయనకు అప్పుడు పాతికేళ్ళు ఉంటాయేమో. మనిషి పొడగరి, నవ్వితే పై పళ్ళన్నీ కనపడేవి. బేగంబజార్‌కు ఇస్తర్లు వేసి వేసి అక్కడి ఒక సేఠ్‌తో పరిచయం పెంచుకుని, స్టీలు సామాన్లు ఉద్దెర మీద తెచ్చి సందుల్లో తిరిగి వాయిదాల మీద అమ్మడం మొదలుపెట్టాడు. సేఠ్ ప్రోనోటు మీద సంతకం పెట్టించుకుంటూ, “ఇల్లు ఉందా?” అని అడిగాడట. “ఉన్నది, మనదే” అన్నాడట మా చిన్నాయన. ఆయన అబద్ధమాడలేదు. మా ఇంట్లో ఎవరిని అడిగినా అదే చెప్పేవాళ్ళం.

వ్యాపారం ఎలా మునిగిందో పెద్దగా చెప్పక్కర్లేదు. గిన్నెలు తీసుకున్న ఆడవాళ్ళు “వచ్చే నెల ఇస్త తమ్మీ” అంటే ఆయన “సరే అక్కా” అనేవాడు. ఒక బీద పెళ్ళికి బిందె ఊరికే ఇచ్చి వచ్చాడు. సేఠ్ దావా వేశాడు. కోర్టు నుంచి కాగితం వస్తే చిన్నాయన దాన్ని తలగడ కింద పెట్టుకుని దాని మీద పడుకున్నాడు. చదవకపోతే కేసు నడవదని ఎవరో దోస్తు చెప్పాడట. కేసు నడిచింది. చిన్నాయన లేకుండానే తీర్పు కూడా అయిపోయింది. ఇంట్లో మాకెవరికీ తెలియదు.

అమ్మవారి ఘటం సందుల్లో తిరిగే రోజులవి. బోనాలకు ముందు కొన్ని దినాలు ఘటాన్ని, అమ్మవారి రూపుగా అలంకరించిన కుండను, డప్పులతో ఇంటింటికీ తెస్తారు. ఆడవాళ్ళు గుమ్మాల్లో సాక పట్టుకుని, అంటే వేపాకు వేసిన పసుపు నీళ్ళు పట్టుకుని నిలబడి, వచ్చినవాళ్ళ కాళ్ళ మీద పోస్తారు. నాయనమ్మ పొద్దున్నే చెంబు నింపి గడప పక్కన పెట్టుకుని ఆకులు కుడుతోంది. సందు మొదట్లో డప్పు మోగింది. ఘటం సాయంత్రం కదా వచ్చేది, మధ్యాహ్నమే వచ్చిందేమిటి అని నేననుకునే లోపలే ఆమె ఆకులు ఒళ్ళోంచి దులిపి లేచింది. డప్పు మా ఇంటి ముందరే ఆగింది. నాయనమ్మ కొంగు తల మీదికి లాక్కుని డప్పువాని కాళ్ళ మీద పసుపు నీళ్ళు పోసింది. అతని వెనక కళ్ళద్దాలు పెట్టుకుని, చంకలో ఫైలుతో ఒక బక్కాయన ఉన్నాడు. ఆయన కాళ్ళ మీదా పోసింది.

ఆయన ఎగిరి వెనక్కి గెంతాడు. “ఏందమ్మా ఇది? నేను కోర్టు అమీనును! నోటీసు అంటించనీకి వచ్చిన.”

“ఎవరైతేంది బిడ్డా, తల్లి పంపితేనే వచ్చినవు” అని నాయనమ్మ ఆయనకు దండం పెట్టింది.

సందులో ఆడవాళ్ళందరూ గుమ్మాల్లోకి వచ్చారు, చేతుల్లో చెంబులతో. అమీను తడిసిన చెప్పులతోనే నిలబడి కాగితం చదివాడు. డిక్రీ, జప్తు, స్థిరాస్తి అని ఏవేవో వచ్చాయి. అర్థం కాని భాష గనుక అది మంత్రమే అనుకుని మా పక్కింటి ఆమె చేతులు జోడించే ఉంది. చదవడం అయ్యాక ఆయన సంచిలోంచి మైదా పిండి జిగురు డబ్బా తీసి, నాయనమ్మ పసుపు పూసి బొట్లు పెట్టిన తలుపు మీద కాగితం అంటించి, జప్తు సంగతి అందరికీ తెలిసేట్టు డప్పువానితో ఇంకోసారి కొట్టించి వెళ్ళిపోయాడు. నాయనమ్మ నన్ను పిలిచి “ఏం రాసిండ్రు బిడ్డా?” అంది. నేను ఇంటరు మొదటి ఏడు చదువుతున్నాను, ఇంట్లో అందరికన్నా ఎక్కువ చదువు నాదే. చదివాను. నర్సింగ్ అప్పు తీర్చలేదు గనుక ఈ ఇల్లు జప్తు అయింది, దీన్ని అమ్మకూడదు, కోర్టు దీన్ని వేలం వేసి అప్పు రాబట్టవచ్చు అని చెప్పాను. ఆమె తలుపు వైపు చూసింది. “అయితే ఘటం ఎప్పుడొస్తది?” అని అడిగింది.

సాయంత్రం బాపు వచ్చాక ఇంట్లో పెద్ద లొల్లి అయింది. బాపు తలుపు మీది కాగితం చదివి, చేతులకు గ్రీజు ఉండగానే చిన్నాయన మెడ పట్టుకున్నాడు. “ఇల్లు పోతే వీళ్ళను ఏడికి తోల్కపోవాల్రా? చార్మినార్ కిందికా?” అని అరిచాడు. అమ్మ మధ్యలోకి వెళ్ళి విడిపించింది. ఆ తరవాత సందంతా మా అరుగు మీదికి చేరి తలా ఒక చట్టం చెప్పింది. కొడుకు అప్పు తల్లి ఇంటికి తగులుతుందని ఒకరు, పెద్దకొడుకు కడితే చిన్నకొడుకు బయటపడతాడని ఇంకొకరు, తలుపు పీకేస్తే కాగితం కూడా పోతుంది కాబట్టి జప్తు పోతుందని మరొకాయన. బాపు నిజంగానే తలుపు వైపు ఒకసారి చూశాడు. ఎవరి మాట నిజమో మాకు తెలియలేదు, ఎవరి మాటా అబద్ధమనిపించలేదు.

డిపోలో తెలిసినాయన ఒక వకీలు దగ్గరికి తీసుకుపోయాడు. ఆయన గుంటూరు వైపు నుంచి వచ్చి ఇక్కడ ప్రాక్టీసు పెట్టిన మనిషి. నెమ్మదస్తుడు, మాటకు ముందు కళ్ళద్దాలు తుడుచుకునేవాడు. ఆయన అడిగిన మొదటి ప్రశ్న, “ఇల్లు ఎవరి పేరు మీద ఉందండీ?” అని. బాపు, నాయనమ్మ, నేను ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాం. ఆ ప్రశ్న మా ఇంట్లో ఎప్పుడూ పుట్టలేదు. “మా నాయనదే అయ్యుంటది సార్” అన్నాడు బాపు. వకీలు కళ్ళద్దాలు ఇంకోసారి తుడిచాడు. తాత పేరు మీద ఉంటే, ఆయన పోయాక చిన్నాయనకూ అందులో వాటా ఉన్నట్టే, ఆ వాటాను సేఠ్ పట్టుకుంటాడు. ఇంకెవరి పేరు మీదైనా ఉంటే సంగతి వేరు. “ముందు దస్తావేజు తీసుకురండి” అన్నాడు. దస్తావేజు ట్రంకు పెట్టెలో అడుగున పాత రుమాలులో ఉంది. అది ఉర్దూలో ఉంది. నిజాం కాలం నాటిది, ఇంకెలా ఉంటుంది? వకీలుకు ఉర్దూ రాదు, బాపుకు మాట్లాడటమే వచ్చు, నాకు తెలుగు, ఇంగ్లీషు తప్ప రాదు. సొంత ఇంటి కాగితం మా ఇంట్లో ఎవరూ చదవలేని కాగితం.

ఎదురింటి ఖాదర్ సాబ్ పాత సర్కారులో మున్షీగా చేసినాయన. సాయంత్రం ఆయన ఇంటి మెట్టు మీద కూర్చోబెట్టి కాగితం ఆయన చేతిలో పెట్టాం. ఆయన దాన్ని దగ్గరగా, దూరంగా, మళ్ళీ దగ్గరగా పెట్టి చూశాడు. రాత గొలుసుగా ఉందట, కొంచెం ఓపిక పట్టమన్నాడు. మేము ఓపిక పట్టాం. చిన్నాయన దూరంగా గోడకు నిలబడి గోళ్ళు కొరుక్కుంటున్నాడు. తాత పేరు వస్తే ఇల్లు పోతుందని అందరికీ తెలుసు. ఖాదర్ సాబ్ వేలు పెట్టి మెల్లగా చదివాడు. “ముసమ్మాత్ బాలమ్మ, జౌజె రాజయ్య...” అని, అంటే మా తాత రాజయ్య భార్య బాలమ్మ అని, ఆగి, కళ్ళద్దాలు తీసి నాయనమ్మ వైపు తిరిగాడు. “బాలమ్మా, ఘర్ తుమ్హారా హై. ఇల్లు రాజయ్యది కాదు, నీది. కొన్నదే నీ పేరు మీద.”

“నాకు ఇల్లెక్కడిది సాబ్?” అంది నాయనమ్మ బెదిరిపోయి. “ఆ దినం వేలు పెట్టుమంటే పెట్టిన. గంతే.”

కొన్న ధరలో ఇస్తర్ల పైసలే ఎక్కువ పడి ఉంటాయి కాబట్టి తాత ఆమె పేరు మీద రాయించి ఉంటాడని ఖాదర్ సాబ్ అన్నాడు. అన్నేళ్ళు ఆ ఇంట్లో ఉండి ఆమె దాన్ని “మీ తాత ఇల్లు” అనే చెప్పుకుంది. బాపు సంతోషపడాలో చిన్నబోవాలో తెలియక తల గోక్కున్నాడు. చిన్నాయన మాత్రం వచ్చి నాయనమ్మ కాళ్ళ దగ్గర కూర్చుని ఏడ్చాడు.

వకీలు కూడా సంతోషించాడు. ఆయన చెప్పిన మాటలు నాకు ఇప్పటికీ గుర్తే. “మామ్మగారూ, మీ ఇల్లు మీరు ఎవరికీ తాకట్టు పెట్టలేదు. ప్రోనోటు మీద మీ వేలిముద్ర లేదు. మీరు జామీను లేరు. అలాంటప్పుడు ఇంకొకరి అప్పు కింద మీ ఇంటిని పట్టుకునే హక్కు ఎవరికీ లేదు. కోర్టులో మన క్లెయిము వేద్దాం. ఈ ముక్కే మీరు జడ్జిగారికి చెప్పాలి.”

“ఇంకొకరంటే ఎవరు బిడ్డా?”

“అదేనండీ, మీ చిన్నబ్బాయి.”

“నా కొడుకు ఇంకొకరెట్లయితడు?”

వకీలు బాపు వైపు సాయం కోసం చూశాడు. బాపు నా వైపు చూశాడు. ఆ విధంగా నాయనమ్మకు చట్టం నేర్పే పని నా మీద పడింది. వకీలు నాకు మూడు వాక్యాలు రాసిచ్చాడు. ఈ ఇల్లు నాది. నర్సింగ్‌కు ఇందులో భాగం లేదు. అతని అప్పుతో నాకు సంబంధం లేదు. రోజూ దీపాలు పెట్టే వేళకు నేను స్టూలు మీద జడ్జిలా కూర్చునేదాన్ని. ఎంత గర్వంగా కూర్చునేదాన్నో ఇప్పుడు తలుచుకుంటే సిగ్గేస్తుంది. మొదటి వాక్యం ఆమె ఎవరి ఇంటి గురించో చెప్పినట్టు చెప్పేది. రెండోది గొణిగేది. మూడోదానికి వచ్చేసరికి చేతిలో ఆకు పక్కన పెట్టేది, మాట వచ్చేది కాదు. అప్పు వేరు, కొడుకు వేరు అని నేను ఎన్ని విధాల చెప్పినా ఆమెకు ఎక్కలేదు. సరిగ్గా చెప్పాలంటే నాకూ పూర్తిగా ఎక్కలేదు. తమాషా ఏమిటంటే పక్కనే కూర్చుని ఆకులు అందిస్తున్న చిన్నాయనే ఆమెకు చెప్పించేవాడు. “గట్ల కాదవ్వా, గట్టిగ అను. ‘సంబంధం లేదు’ అను. నా దిక్కు చూడకు, సుగుణ దిక్కు చూడు” అని నన్ను చూపించేవాడు.

కోర్టు రోజున నాయనమ్మ పెట్టెలోంచి ఇరకల్ చీర తీసి కట్టుకుంది. బోనులోకి ఎక్కమంటే ఎందుకని అడిగింది, నేనేం దొంగతనం చేసిన అంది. సేఠ్ తరపు వకీలు గట్టివాడు. ఇంట్లో పొయ్యి ఒకటా రెండా అని అడిగాడు. “ఒకటే. రెండెందుకు?” అంది. నర్సింగ్ ఎక్కడ తింటాడు, ఎక్కడ పడుకుంటాడు అని అడిగాడు. “ఇంట్ల. ఇంకేడ తింటడు?” అంది. మా వకీలు కుర్చీలో కదిలాడు. ఆ వకీలు ఇంకాస్త ముందుకు వచ్చి, జప్తు చేయడానికి వచ్చిన అమీను కాళ్ళకు నీళ్ళు పోసి మర్యాద చేశావా లేదా, అంటే జప్తుకు ఒప్పుకున్నట్టే కదా అన్నాడు. నాయనమ్మ అవునని తలూపింది. జడ్జిగారు కలం కింద పెట్టి నవ్వారు. “ఆషాఢంలో లాల్‌దర్వాజాకు పోయి డప్పు కొట్టిస్తే నీళ్ళు పొయ్యక ఏం చేస్తారు వకీల్ సాబ్?” అన్నారు. కోర్టంతా నవ్వింది. నాయనమ్మ నవ్వలేదు. తరవాత మా వకీలు లేచి నేను నేర్పిన మూడు వాక్యాలూ వచ్చేట్టు ప్రశ్నలు అడిగాడు. ఆమె నా దిక్కు చూడలేదు. వెనక బెంచీ మీద కూర్చున్న చిన్నాయన వైపే చూస్తూ మూడూ చెప్పింది. మూడోది ఎంత గట్టిగా చెప్పిందంటే బయట వరండాలో వాళ్ళు తొంగి చూశారు. చిన్నాయన రోజూ ఇంట్లో చేసినట్టే మెల్లగా తలూపాడు.

కొన్ని దినాలకు తీర్పు వచ్చింది, ఇల్లు జప్తు నుంచి విడుదలైంది. బాపు తలుపు మీద కాగితాన్ని తడిపి తడిపి గీకేశాడు. అమ్మ పూర్ణం పెట్టి బచ్చాలు చేసింది. నాయనమ్మ అందరికీ ఇస్తర్లు వేసి చిన్నాయనను పిలిచింది. ఆయన సందులో నిలబడి ఉన్నాడు, చేతిలో చిన్న సంచి ఉంది. “నాకు ఆకలి లేదవ్వా, మీరు తినుండ్రి” అన్నాడు. మర్నాడూ అదే మాట. దోస్తు ఇంట్లో పడుకుంటున్నానన్నాడు. తరవాత అదే సేఠ్ గోదాములో హమాలీగా చేరాడు, కూలిలోంచి సేఠ్ అప్పు కింద కొంత కోసుకునేవాడు. రోజూ సాయంత్రం మాత్రం సందులోకి వచ్చేవాడు. మా అరుగు కూడా ఎక్కేవాడు కాదు. ఎదురుగా ఖాదర్ సాబ్ మెట్టు మీద కూర్చునేవాడు. మొదట్లో నాయనమ్మ గడపలో నిలబడి పిలిచి పిలిచి ఏడ్చేది. తరవాత పిలవడం మానేసి, రెండు ఇస్తర్లలో అన్నం పెట్టుకుని సందు దాటి వెళ్ళి ఆ మెట్టు మీదే ఆయన పక్కన కూర్చుని తినేది. వానపడితే ఖాదర్ సాబ్ వాళ్ళావిడ వాళ్ళిద్దరినీ లోపలికి పిలిచేది. కోర్టులో ఇల్లు తన పేరు మీద నిలిచాక నాయనమ్మ రాత్రి అన్నం ఆ ఇంట్లో తినడం మానేసింది.

చిన్నాయనకు ఆ మూడో వాక్యం గుచ్చుకుందని మేమందరం అనుకున్నాం. “వానికి రోషం” అన్నాడు బాపు. “నా నోట్ల గా మాట వచ్చినంక వాడెట్ల వస్తడు?” అనేది నాయనమ్మ. నాకు ముందు జాలేసింది, తరవాత కోపం వచ్చింది. నేర్పింది నేను, చెప్పించింది ఆయనే, మళ్ళీ ఈ పంతమేమిటి? ఒకరోజు మెట్టు దగ్గరికి పోయి అడిగేశాను కూడా. “ముసలిదాన్ని సందులో కూసోబెడ్తవా చిన్నాయనా? నీకు ఇంత పంతమేంది?” అన్నాను. ఆయన అన్నం కలుపుతూ “నీకు తెల్వదులే బిడ్డా” అన్నాడు. చదువుకున్నదాన్ని నాకు తెలియకపోవడమేమిటని మాట్లాడటం మానేశాను. ఆ తరవాత నా పెళ్ళయి, మావారి ఉద్యోగంతో వరంగల్లు వెళ్ళిపోయాను.

నాయనమ్మ మంచాన పడ్డప్పుడు నేను వచ్చాను. మూడు దినాలు కిటికీ పక్కన పడుకుని ఉంది. చిన్నాయన మూడు దినాలూ కిటికీ బయట సందులో నిలబడి చువ్వలు పట్టుకుని ఆమెతో మాట్లాడాడు. చెయ్యి లోపలికి పెట్టి ఆమె నుదురు ముట్టుకునేవాడు. లోపలికి రమ్మని బాపు బతిమాలాడు, తిట్టాడు. సందులో వాళ్ళు బండరాయి గుండె అన్నారు. నేనూ అన్నాను, ఆయనకు వినపడేలాగే అన్నాను. ఆమె పోయాక శవాన్ని ఎలాగూ వాకిట్లోకే తెస్తారు గనుక ఆయనకు లోపలికి రావాల్సిన అవసరమే రాలేదు.

ఇప్పుడు ఆ ఇంట్లో నేనే ఉంటున్నాను. బాపు, అమ్మ, మావారు అందరూ పోయారు. పెంకుల చోట స్లాబు పడింది. నా పిల్లలకు ఏ ఫ్లాటు ఎవరి పేరు మీద ఉందో, ఏ లోనుకు ఎవరు జామీనో నిద్రలో లేపి అడిగినా చెప్తారు. తమ్ముడి అప్పు కాగితం మీద అన్న సంతకం పెట్టడు, పెట్టలేదని తమ్ముడు ఏమీ అనుకోడు, పండక్కి ఇద్దరూ కలిసి కూర్చుని తింటారు. మా వకీలు నేర్పడానికి అంత కష్టపడ్డ ముక్క వీళ్ళకు పుట్టుకతోనే వచ్చింది. ఇది మంచిదే అని నాకు తెలుసు. మా ఇంట్లో ఎవరికైనా ఈ తెలివి ఉంటే అంత బాధ ఉండేది కాదని కూడా తెలుసు. అయినా వీళ్ళను చూస్తే అప్పుడప్పుడు నాకు ఊపిరాడదు, ఎందుకో చెప్పలేను.

పోయిన ఏడాది బోనాలనాడు చిన్నాయనకు అమ్మవారి దర్శనం చేయించి, ఎండ ముదిరిందని ఆటో మా సందులోకి తిప్పించాను. ఇంటికొచ్చి అన్నం తిని పొమ్మన్నాను. వద్దంటాడనే అనుకున్నాను, అన్నేళ్ళ అలవాటు. ఆయన ఆటో దిగి, కర్ర మీద ఆనుకుని ఇంటిని కింద నుంచి పైదాకా చూశాడు. ఎవరైనా వింటున్నారేమోనని అటూ ఇటూ చూసి, గొంతు తగ్గించి అడిగాడు.

“బిడ్డా, గా కేసు పూర్తిగ బంద్ అయినట్టేనా?”

“ఏ కేసు చిన్నాయనా?”

“గదే, సేఠ్ కేసు. ఆ దినం తీర్పు అయినంక మన వకీల్ సాబ్ కోర్టు మెట్ల మీద నన్ను పక్కకు పిల్సిండు. ‘మీ అమ్మ నువ్వు ఆ ఇంట్లోనే తింటావని చెప్పేసింది, వాళ్ళు మళ్ళీ దావా వేస్తే ఇల్లు నీదే అంటారు. నువ్వు ఆ గడప తొక్కకు, అక్కడ తినకు’ అన్నడు. ఎన్ని దినాలు అని అడిగిన. ‘నేను చెప్తాలే’ అన్నడు. చెప్పకుండనే ఆయన పోయిండు. సేఠ్ పోయిండు. అప్పు తీరిందని చెల్లు కాగితం గూడ ఎవరూ ఇయ్యలే. అరుగు గూడ దస్తావేజుల రాసుంటదేమోనని దాని మీద గూడ కూసోలే.”

ఆ జాగ్రత్త ఏడాదికో రెండేళ్ళకో తీరిపోయి ఉంటుంది. ఏ వకీలును అడిగినా చెప్పేవాడు. అసలు ఇంట్లో అన్నం తిన్నంత మాత్రాన ఇల్లు ఆయనదైపోదని, ఇంకొకరి అప్పుకు తగలదని కొంచెం ఆలోచిస్తే నేనే చెప్పగలిగేదాన్ని. ఆయన రోషంతో రాలేదని నిర్ణయించేసుకున్నాం గనుక ఎవరమూ ఆలోచించలేదు.

“అవ్వకన్న చెప్పకపోయినవా చిన్నాయనా?”

“చెప్తే అవ్వ ఊకుంటదా? ఇల్లు పోతే పోనీ అని చెయ్యి పట్టి లోపలికి గుంజుతుండె” అన్నాడు. “నువ్వు చదువుకున్నదానివి గద, ఎప్పుడన్న నువ్వే చెప్తవు అనుకున్న” అన్నాడు.

“ఏం కాదు చిన్నాయనా, ఎప్పుడో బంద్ అయింది, రా” అన్నాను. ఆయన చెప్పులు మెట్టు కింద విడిచి, గడప దగ్గర ఒకసారి ఆగి, కుడికాలు లోపల పెట్టాడు. గది మధ్యలో నిలబడి నాలుగు గోడలూ చూసి, “అవ్వ పండుకున్న జాగ ఏది?” అని అడిగాడు. కిటికీ పక్కన చూపించాను. కుర్చీ వేస్తానంటే వినకుండా అక్కడే నేల మీద కూర్చుని, అరచేత్తో ఆ జాగాను మెల్లగా తుడవడం మొదలుపెట్టాడు. నేను అన్నం వడ్డించడానికి వంటింట్లోకి వెళ్ళి, చేతిలో గరిటె పట్టుకుని చాలాసేపు అక్కడే నిలబడిపోయాను.